భుజాన మోసిన హద్దు

"ఈ పార నీదేనా?"

"నాదే."

"దీని మీద రక్తం?"

"అది నాది కాదు. ఇంకేమన్నా అడుగు."

ద్రాండె దోదాకు నవ్వొచ్చింది కానీ నవ్వలేదు. పోలీసు శాఖలో చాలా ఏళ్లు, ఆ తర్వాత సొంతంగా డిటెక్టివ్‌గా కొన్నేళ్లు, ఎంతమందిని ప్రశ్నించిందో ఆమెకే లెక్క లేదు. హత్యానేరం నెత్తి మీద ఉండగా, ఒక చేతికి బేడీతో, సొంత చేను మధ్య చెక్క కుర్చీలో కాలు మీద కాలేసుకుని కూర్చున్న డెబ్బై ఏళ్ల ముద్దాయిని మాత్రం ఇదే చూడడం.

ఆ కుర్చీ సంగతి జిల్లా అంతా తెలుసు. గుర్‌బార్ద్ కొండకు హైవే యంత్రాలు ఎక్కిన రోజు నుంచి అది అక్కడే ఉంది. ముసలామె మ్రికా పొద్దున్నే వచ్చి బుల్‌డోజర్‌కు ఎదురుగా కూర్చుంటుంది. మేకల పాలు పిండే వేళకు ఇంటికెళ్లి మళ్లీ వస్తుంది. తను లేనప్పుడు కుర్చీ ఉంటుంది, దానికి ఆనించి పార ఉంటుంది. డ్రైవర్లు తిట్టుకున్నారే తప్ప ఆ ఖాళీ కుర్చీని తొక్కించే ధైర్యం ఒక్కడికీ రాలేదు.

ఇప్పుడు ధైర్యం అవసరం లేకుండా పోయింది. మధ్యాహ్నం పోలీసు జీపు మ్రికాను బ్రెగాస్ జైలుకు తీసుకుపోతుంది. జీపు మలుపు తిరగ్గానే యంత్రం చేలో దిగుతుంది. ఉదయం ద్రాండెకు ఫోన్ చేసిన మ్రికా కూతురు ఏడుస్తూ చెప్పింది ఇదే. "అమ్మ జైలుకెళ్తే బతకదు. చేను పోతే అసలే బతకదు."

"చెప్పు పెద్దమ్మా. నిన్న సాయంత్రం ఏం జరిగింది?"

"ఏముంది? పాలు పిండడానికి ఇంటికెళ్లాను. పిండాను, కాచాను, లాంతరు పట్టుకుని వచ్చేసరికి మా ఊరి హద్దుపెద్ద ఫ్రోక్ హద్దురాయి పక్కన పడున్నాడు. పిలిచాను. పలకలేదు. అరిచాను. ఊరంతా వచ్చింది. చంపినదాన్నైతే అరుస్తానా?"

"అరిచే హంతకుల్ని కూడా చూశాను."

"అయితే వాళ్ల దగ్గరికే పోకపోయావా, కొండెక్కి నా దగ్గరికెందుకొచ్చావ్?"

"అంతకుముందు ఫ్రోక్ నీతో మాట్లాడాడా?"

మ్రికా మొదటిసారి చూపు తిప్పుకుంది.

"మాట్లాడాడు. మధ్యాహ్నం వాన వెలిశాక మా ఇంటికొచ్చాడు. కాఫీ తాగాడు."

"ఏమన్నాడు?"

"అది నా నోట్లోంచి రాదు. మాటిచ్చాను."

"మాట తీసుకున్న మనిషి చచ్చిపోయాడు పెద్దమ్మా!"

"ఆయన చచ్చాడు. నా మాట చావలేదుగా." ఆమె బేడీ ఉన్న చేత్తోనే తలగుడ్డ సర్దుకుంది. "ఇంకేమన్నా అడుగు."

ద్రాండెకు ఒళ్లు మండింది. కొండ మనుషుల మొండితనం ఆమెకు కొత్త కాదు, తనూ ఆ మట్టిలో పుట్టినదే. కానీ మునిగిపోతూ కూడా తాడు పట్టుకోనని భీష్మించే మనిషిని ఒడ్డుకు లాగడమెలా?

"ఆహా, మాటిచ్చిందట!" వెనక నుంచి ఓ గొంతు. "విన్నారా మేడం? దాస్తోంది. నాకూ ఇదే చెప్పింది."

ఇన్‌స్పెక్టర్ క్రాయా బూట్లకు బురద అంటకుండా రాళ్ల మీద అడుగులేసుకుంటూ వస్తున్నాడు. ఒకప్పుడు ద్రాండె కింద పనిచేసిన కుర్రాడు. ఓ తప్పుడు వాంగ్మూలం మీద సంతకం పెట్టనని ఆమె మొండికేసినప్పుడు ఆమె కుర్చీ పోయింది, అందులో క్రాయా కూర్చున్నాడు. అప్పట్నుంచి అతను ఆమెతో మాట్లాడేటప్పుడు మర్యాద కాస్త ఎక్కువే ఒలకబోస్తాడు.

"కొండగాలికొచ్చారా మేడం? ఆరోగ్యానికి మంచిది."

"నీకు పడుతున్నట్టు లేదు, ముఖం పాలిపోయింది. రాజధాని తిరానా నుంచి ఫోన్లా?"

క్రాయా నవ్వు సగంలో ఆగింది. "కేసు తేలిపోయింది. ఆయుధం ఈవిడది. చోటు ఈవిడ చేను. కారణం కూడా ఈవిడదే. హద్దురాయిని ఎవరో జరిపారని రెండు వారాలుగా గోల చేస్తోంది. ఊరు నమ్మలేదు. చివరికి ఇవాళ రోడ్డు భూముల కమిషన్ ముందు, ఆ రాయి పాతిన ఫ్రోక్ ప్రమాణం చేసి, భుజాన రాయీ మట్టీ మోస్తూ నడిచి హద్దు తేల్చాలని నిర్ణయించారు. ఆయన తనకు వ్యతిరేకంగా చెబుతాడని ఈవిడకి తెలిసిపోయింది. పార తీసింది. అంతే."

గొడవంతా ఆ రాయి దగ్గరే ఉంది. రాయికి కిందివైపు మ్రికా చేను, పైవైపు ఊరి ఉమ్మడి మేత భూమి. చేను మ్రికాదైతే కోర్టులో ఆమె వేసిన కేసు తేలేదాకా యంత్రం అడుగు పెట్టకూడదు. ఉమ్మడి భూమైతే ఆమె కేసే చెల్లదు, ఊరి పెద్ద లాజెర్ ఒక్కడు సంతకం పెడితే చాలు. రాయి కిందికి జరిగితే చేను పైసగం, దాంతోపాటు ఆమె ఇంటికి నీళ్లిచ్చే ఊట, మేత భూమిలో కలిసిపోతాయి. ఇప్పుడు రాయి ఊటకు కిందుంది. అది పైన ఉండేదని మ్రికా అంటోంది. పైన ఉన్న ముళ్లడొంకల్ని యంత్రాలు చెక్కేసి మట్టిబాట వేశాయి. గుర్తు పట్టడానికి అక్కడ గడ్డిపరక కూడా మిగల్లేదు.

"ఫ్రోక్ ఎవరి పక్షాన చెప్పబోయాడో నీకెవరు చెప్పారు?" అంది ద్రాండె.

"ఎవరో చెప్పాలా? రాయి అదిగో. రాళ్లకు కాళ్లుండవు కదా!"

"రాళ్లకుండవు. యంత్రాలకుంటాయి. శవం ఫోటో చూపించు."

"మీకెందుకు చూపించాలి?"

"చూపించకపోతే నీ కేసు రేపు కోర్టులో నా ప్రశ్నతోనే మొదలవుతుంది. ఇక్కడైతే నలుగురిలో పోతుంది పరువు, అక్కడైతే పేపర్లోకెక్కుతుంది. నీ ఇష్టం."

క్రాయా విసురుగా ఫోన్ తీసి ఆమె ముందు పెట్టాడు. ద్రాండె కళ్లజోడు పెట్టుకుని తీరిగ్గా చూసింది.

"దెబ్బ ఎక్కడ తగిలింది?"

"తల వెనక."

"వెనక నుంచి దెబ్బ తిన్నవాడు ఎటు పడతాడు?"

"ముందుకి."

"ఈయన వెల్లకిలా ఉన్నాడు. ముఖం మీదా, గడ్డం నిండా, చొక్కా ముందు భాగం మీదా బురద ఉంది. అంటే బోర్లా పడ్డాడు, తర్వాత ఎవరో తిప్పారు. ఇదిగో చేతికర్ర. చేతి దగ్గర లేదు. తల పక్కన సర్ది పెట్టారు."

"ఈవిడే తిప్పి చూసుంటుంది, ప్రాణముందో లేదో అని."

"నేను ముట్టుకోలేదు," అంది కుర్చీలోంచి మ్రికా. "లాంతరు వెలుగులో కళ్లు చూస్తేనే తెలిసింది."

"నువ్వు సముద్రం పక్క పుట్టావు క్రాయా, నీకు తెలియకపోవడంలో తప్పు లేదు," అంది ద్రాండె. "మా తాతల కాలంలో ఇక్కడ చంపినవాడికి కూడా ఓ విధి ఉండేది. శవాన్ని బోర్లా వదలకూడదు. వెల్లకిలా తిప్పి, పోయినవాడి తుపాకీయో, కర్రో తల దగ్గర పెట్టి మరీ వెళ్లాలి. చిన్నప్పుడు మాకు చలిమంట దగ్గర ఇవే కథలు. ఇది చేసినవాడు ఈ కొండవాడు. మగవాడు. పైగా చేసింది తప్పని గుండెలో తెలిసినవాడు."

"ఆడవాళ్లు కూడా ఆ కథలు వింటారుగా! మీరు వినలేదా?"

"విన్నాం. అందులో మేము లేమని కూడా విన్నాం. ఆ కట్టుబాటు ఆడదాన్ని ఏనాడూ లెక్కలోకి తీసుకోలేదు. లెక్కలో లేనిదానికి లాంఛనం గుర్తొస్తుందా?"

"ఇదంతా కోర్టులో చెప్పండి మేడం, జడ్జిగారికి నిద్ర పడుతుంది." క్రాయా వాచీ చూసుకున్నాడు. "మధ్యాహ్నం దాకా టైముంది. తిరగండి. రాళ్లూ రప్పలూ చూసుకోండి."

ద్రాండె నిజంగానే రాయిని చూడడానికి వెళ్లింది.

నడుమెత్తు బూడిద రంగు రాయి, నిండా పాత నాచు. చుట్టూ మట్టిని ఎవరో శ్రద్ధగా అదిమి, పైన గడ్డి దిమ్మలు కూడా పరిచారు. పనితనానికి వంక పెట్టలేం. ఆమె మోకాళ్ల మీద కూర్చుని వేళ్లతో నాచును తడుముతూ పోయింది. వెనకవైపు, భుజాల్లా ఉబ్బిన చోట, నాచు లేచిపోయి తెల్లటి గాట్లు కనబడ్డాయి. పక్కపక్కనే, ఒకే ఎడంతో. ఇనప పళ్లు కరిచిన గుర్తులు.

గాట్లు దొరికినందుకంటే, ఆ రాయిని ఎత్తినవాడి భయం దొరికినందుకు ఆమెకు సంతోషం కలిగింది. ఇద్దరు బలమైన మనుషులు, ఒక గడ్డపార ఉంటే ఈ రాయి కదులుతుంది. చప్పుడూ ఉండదు. అయినా వాడు యంత్రాన్నే తెచ్చాడు. హద్దురాయిని చేత్తో కదిపినవాడు చచ్చాక కూడా దాన్ని మోస్తూ తిరుగుతాడని ఈ కొండ మీద పసిపిల్లలకు కూడా తెలుసు. అందుకే వాడు చెయ్యి వెయ్యలేదు. ఈ రాళ్ల సంగతి, ఈ భాష తెలియని ఏ పరాయి డ్రైవర్ చేతో ఎత్తించి ఉంటాడు. దొంగతనానికెళుతూ దేవుడికి దణ్ణం పెట్టుకునే రకం.

ఆమె లేచి గట్టిగా అంది. "క్రాయా, ఈ రాయి అడుగున తవ్వించాలి."

కిందినుంచి అప్పుడే వస్తున్న ఊరి జనం గతుక్కుమని ఆగిపోయారు. ఊరి పెద్ద లాజెర్ టోపీ తీసి చేత్తో పట్టుకున్నాడు. "ఏం మాటలమ్మా అవి!"

"హద్దు పాతేటప్పుడు ఇంటిపెంకు ఒకటి నాలుగు ముక్కలు చేసి రాయి అడుగున పాతుతారు. సాక్షులంటాం. అవునా లాజెర్? రాయిని జరిపితే సాక్షులు పాత చోటే ఉండిపోతారు. ఇక్కడ తవ్వితే ముక్కలు ఉండవు."

"నేను హత్య కేసుకొచ్చాను మేడం, గుంతలు తవ్వడానికి కాదు," అన్నాడు క్రాయా.

"ఆ రాయి మీద చెయ్యి పడాలంటే ముందు నా మీద పడాలి!" అని అరిచింది మ్రికా.

ద్రాండె నమ్మలేనట్టు ఆమె వైపు తిరిగింది. "పెద్దమ్మా, అది దొంగరాయి! నీ కోసమే కదా నేను..."

"దొంగదైనా హద్దురాయే. నేను పెకలించానంటే రేపు ప్రతి వెధవా పెకలిస్తాడు. తర్వాత ఈ కొండ మీద ఎవడి చేను ఎవడిది? నేను జైలుకన్నా పోతాను గానీ దాన్ని ముట్టనివ్వను."

క్రాయా పగలబడి నవ్వాడు. "మీ క్లయింటే వద్దంటోంది మేడం!"

ద్రాండె చేతులకంటిన మట్టి దులుపుకుంది. ముసలామె మీద కోపం వచ్చిన మాట నిజం. కానీ ఆ కోపంలోనే ఓ సంగతి వెలిగింది. రాయిని జరిపినవాడు కూడా సరిగ్గా దీని మీదే ధీమాగా ఉన్నాడు. ఈ ఊళ్లో రాయి కింద తవ్వడానికి ఒక్కడు కూడా ఒప్పుకోడని వాడికి తెలుసు. కట్టుబాటును అడ్డం పెట్టుకుని అబద్ధాన్ని దాచాడు. సరే. అదే కట్టుబాటు వాణ్ణి బయటికి లాగాలి.

ఫ్రోక్ కొడుకు లెష్ కాస్త దూరంలో రాళ్లగోడ మీద కూర్చున్నాడు. నలభై దాటిన మనిషి. నల్ల చొక్కా, గీయని గడ్డం, ఏడ్చి ఏడ్చి వాచిన కళ్లు. హైవే క్యాంపులో కాపలా అతని పని. ఆ ఏడుపు నిజమైందే అని ద్రాండెకు అర్థమైంది.

"పెద్దాయన పోయాడు. నువ్వన్నా చల్లగా ఉండాలి లెష్."

"దేవుడు మిమ్మల్నీ చల్లగా చూడాలి."

"నిన్న పాలు పిండే వేళకి ఎక్కడున్నావ్?"

"క్యాంపులో."

"ఎవరన్నా చూశారా?"

"ఆదివారం కదా, ఎవరుంటారు? నేనూ కుక్కా." అతని గొంతు పెరిగింది. "తండ్రి పోయినవాణ్ణి పట్టుకుని ఏంటక్కా ఈ ప్రశ్నలు? చంపింది అదిగో, మహారాణిలా కూర్చుంది!"

"ఈ హద్దురాయి మీ నాన్న పాతిందేగా?"

"ఆయనే. సహకార పొలాలు రద్దై ఎవరి భూములు వాళ్లకొచ్చిన ఏడు."

"నువ్వున్నావా అప్పుడు?"

"పిల్లల్ని రానివ్వరు."

"తర్వాతైనా చూపించలేదా, ఎక్కడ పాతాడో?"

"హద్దుపెద్ద తన కొడుక్కి చావుమంచం మీదే చెప్పాలి. ఆ మంచం కూడా దక్కనివ్వలేదు ఆ ముసల్ది!"

"మరి నీ అంతట నువ్వు వచ్చి చూడలేదా ఎప్పుడూ?"

"ఈ వైపా? ఊహ తెలిశాక ఇటు అడుగు పెట్టలేదు. అంతా ముళ్లడొంక. నాకేం పని?"

"ఇప్పుడున్న రాయి కదల్లేదనే నీ నమ్మకమా?"

"కదల్లేదు. ఎవడు కదుపుతాడు? ఆ బరువు ఎవడు మెడకు తగిలించుకుంటాడు?"

"మంచిది," అంది ద్రాండె. "ఈ మాట గుర్తుంచుకో."

కమిషన్ వాళ్ల కారు వచ్చి మట్టిబాట మీద ఆగింది. ఇద్దరు దిగి బానెట్ మీద పటం పరిచారు. బుల్‌డోజర్ డ్రైవర్ సిగరెట్ ఆర్పి పైకెక్కి కూర్చున్నాడు. లాజెర్ గొంతు సవరించుకున్నాడు.

"ఫ్రోక్ లేడు. ప్రమాణం చేసేవాడు లేడు కాబట్టి రాయి ఎక్కడుంటే అదే హద్దు. అంతేగా?"

"అంతే," అన్నాడు కమిషన్ ఆయన, కలం తీస్తూ.

క్రాయా పోలీసులకు సైగ చేశాడు. ఒకడు మ్రికా భుజం మీద చెయ్యి వేశాడు. ఆమె ఆ చేతిని ఈగను తోలినట్టు తోసేసి లేచి నిలబడింది.

"ప్రమాణం చేసేవాడు లేడా? నేను చేస్తాను!"

జనంలో గుసగుసలు. ఎవడో కిసుక్కుమన్నాడు.

"ఆడదాని ప్రమాణం చెల్లదు మ్రికా," అన్నాడు లాజెర్ నెమ్మదిగా. "నీకు తెలియంది కాదు."

"చెల్లదా? ఈ చేను మట్టంతా ఎవరు మోశారు లాజెర్? బండరాయి తప్ప ఏమీ లేని చోటికి వాగులోంచి బుట్టల్తో మట్టి మోసింది ఎవరు? అప్పుడు ఆడదాని వీపు చెల్లింది కదా! రేటెంత కావాలి, రేటెంత కావాలని కోటేసుకున్న ప్రతివాడూ అడిగిపోయాడు. నేనెప్పుడన్నా రేటు అడిగానా? నా చేను నాకుండనివ్వమన్నాను. అంతే అన్నాను!" ఆమె వంగి గట్టు మీద నుంచి గుమ్మడికాయంత రాయి పట్టుకుంది. బేడీ చేతికి అడ్డం పడుతోంది. అయినా మోకాలి మీదికి లాగి, అక్కణ్ణించి భుజానికెత్తింది. మరో చేత్తో మట్టిబెడ్డ తీసుకుంది. "రండి. ఎవడు ఆపుతాడో ఆపండి."

ఎవరూ కదల్లేదు. పోలీసులు క్రాయా వైపు చూశారు. క్రాయా వాళ్లను చేత్తో ఆగమన్నాడు.

ద్రాండె లెష్ పక్కకు వెళ్లి, నలుగురికీ వినబడేలా అంది. "మీ నాన్న మొయ్యాల్సిన రాయి అది. బేడీ వేసిన ముసలామె మోస్తోంది. నువ్వు గోడ మీద కూర్చుని చూస్తున్నావు."

"నాకు చోటు తెలియదని చెప్పానా?"

"రాయి కదల్లేదనీ చెప్పావు. అయితే ఇంకేం కష్టం? పైన హద్దు మొదలయ్యే పెద్దబండ దగ్గర్నించి ఈ రాయి దాకా మోసుకొచ్చి దించు. కళ్లెదుటే ఉందిగా. హద్దుపెద్ద కొడుకువి, నీ ప్రమాణం చెల్లుతుందా లేదా లాజెర్?"

"చెల్లుతుంది," అన్నాడు లాజెర్. జనం కూడా తలలూపారు. "వెళ్లు నాయనా. మీ నాన్న ఆత్మ శాంతిస్తుంది. తొందరగా తేలిపోతుంది."

లెష్‌కు వేరే దారి లేకుండా పోయింది. అతను వచ్చి మ్రికా భుజం మీది రాయి తీసుకున్నాడు. ఆమె ఇచ్చింది, అతని ముఖంలోకే చూస్తూ. పెద్దబండ దగ్గరికెళ్లి జనం వైపు తిరిగి నిలబడ్డాడు. మట్టిబెడ్డ రెండో భుజం మీద పెట్టుకున్నాడు.

"ఈ రాయీ ఈ మట్టీ సాక్షి," అన్నాడు. "నేను తప్పు హద్దు నడిస్తే... ఈ భూమి బరువంతా పైలోకంలో నా మెడ మీదే ఉండాలి."

నడక మొదలుపెట్టాడు. నేరుగా దిగితే హద్దురాయి. ఊపిరి పీల్చినంత సేపట్లో అయిపోయే పని. మొదట నేరుగానే దిగాడు. తర్వాత అడుగులు నెమ్మదించాయి. మట్టిబాట మధ్యకు వచ్చేసరికి నిలబడిపోయాడు. కళ్లెదుట రాయి ఉంది. అతను దాని వైపు ఒక అడుగు వేసి వెనక్కి తీసుకున్నాడు. మళ్లీ వేశాడు.

"ఏంట్రా, రా కిందికి!" అన్నాడు లాజెర్.

లెష్ రాలేదు. ఒక పక్కకు తిరిగి, కమిషన్ వాళ్ల కారు దాటి, చదునుగా చెక్కేసిన ఎర్రమట్టి మీద నడిచాడు. ఏ గుర్తూ లేని ఒక చోట ఆగాడు. కాళ్లు అక్కడ పాతుకుపోయాయి.

"ఇక్కడ," అన్నాడు.

ద్రాండె ఒక్కతే నడిచి వెళ్లి అతని ఎదురుగా నిలబడింది.

"ఊహ తెలిశాక ఇటు అడుగు పెట్టలేదన్నావు. మీ నాన్న నీకు చోటు చెప్పలేదన్నావు. ఇక్కడ రాయి లేదు, పొద లేదు. మరి నీ కాళ్లకు దారెవరు చెప్పారు లెష్?"

అతను భుజం మీది రాయిని ఇంకా గట్టిగా పట్టుకున్నాడు.

"పెద్దమ్మా," అని కేకేసింది ద్రాండె, "ఇక్కడ తవ్వచ్చా?"

"అక్కడ రాయి లేదుగా. తవ్వండి."

ఈసారి క్రాయా అడ్డు చెప్పలేదు. పోలీసు ఒకడు జీపులోంచి తెచ్చిన పార లాక్కుని తనే దిగాడు, బూట్ల సంగతి మర్చిపోయి. మోచేతి లోతుకు పోయేసరికి పార అంచు టక్కున తగిలింది. ఎర్రపెంకు ముక్క. తర్వాత ఇంకొకటి. నాలుగూ తీసి బానెట్ మీద పటం మీదే పెట్టి దగ్గరికి జరిపాడు. అంచులు అతికాయి. వెంట్రుక దూరే సందు లేదు.

"రాయిని నేను ముట్టుకోలేదు," అన్నాడు లెష్ ఉన్నట్టుండి. "యంత్రంతో ఎత్తించాను. ఆ డ్రైవర్ మర్నాడే వాళ్ల దేశం పోయాడు. కంకర తోలడానికి రెండు లారీలు పెట్టిస్తామన్నారు నాకు, క్యాంపువాళ్లు. ఇటలీ పోయి గిన్నెలు కడగక్కర్లేదనుకున్నాను. నిన్న సాయంత్రం నాన్న వచ్చి రాయిని తడిమాడు. నేను పక్కనే ఉన్నాను. రేపు నిజమైన చోట దించుతాను అన్నాడు. నా పేరు చెప్తాడనుకున్నాను. ఊరందరి ముందు, కొడుకు దొంగ అని... అటు తిరిగి నడుస్తున్నాడు. పార చేతికందింది."

"తర్వాత తిప్పి పడుకోబెట్టావు."

"బోర్లా ఎలా వదిలెయ్యను? మా నాన్న!"

జనంలో ఎవరో శిలువ గుర్తు వేసుకున్నారు. లాజెర్ టోపీ ముఖానికి అడ్డం పెట్టుకున్నాడు. క్రాయా పెంకు ముక్కలు వదిలి నెమ్మదిగా మ్రికా దగ్గరికి వెళ్లి బేడీ విప్పాడు. ఆమె మణికట్టు రుద్దుకోలేదు, అతని వైపు చూడనూ లేదు. తిన్నగా లెష్ దగ్గరికి నడిచింది. వాడు ఇంకా రాయి మోస్తూనే ఉన్నాడు. దాన్ని దించడానికి ఊళ్లో ఒక్కడు కూడా ముందుకు రాలేదు.

మ్రికా రెండు చేతులతో ఆ రాయిని అతని భుజం మీద నుంచి దించి, తవ్విన గుంత పక్కన పెట్టింది.

"ప్రమాణం అయిపోయింది," అంది. "నీ పేరు నువ్వే చెప్పుకున్నావు. ఇక నేను చెప్పొచ్చు."

ఆమె లెష్ ముఖంలోకి చూసింది.

"నిన్న మీ నాన్న మా ఇంటికి ఎందుకొచ్చాడో తెలుసా? రాయి జరిపింది నువ్వేనని ఆయనకు అప్పటికే తెలుసు. నీ బూట్లకున్న ఎర్రమట్టి చూసి పోల్చుకున్నాడట. 'రేపు రాయి మోసి నీ హద్దు నీకు చూపిస్తాను మ్రికా' అన్నాడు. 'ఎలా జరిగిందని ఎవరైనా అడిగితే వానకు జారిందంటాను. ప్రమాణం చోటు గురించే కదా, దొంగ గురించి కాదు. నువ్వు కూడా అదే చెప్పు. నా కొడుకు పేరు ఎవరి దగ్గరా ఎత్తకు' అన్నాడు. మాటిమ్మన్నాడు. ఇచ్చాను."

లెష్ ఆమె వైపు అర్థం కానట్టు చూశాడు. అర్థమయ్యాక మోకాళ్ల మీద కూలబడి, నుదురు ఎర్రమట్టికి ఆనించి, చిన్నపిల్లాడిలా ఏడ్చాడు. పోలీసులు లేపడానికి ప్రయత్నించారు. లేవలేదు.

"నీకు మొదటి నుంచీ తెలుసు!" అంది ద్రాండె. అది కోపమో మరొకటో ఆమెకే తెలియలేదు. "బేడీ వేశారు. జైలుకు తీసుకుపోతున్నారు. అయినా వాడి పేరు చెప్పలేదు!"

"చెప్తే మాట పోయేది."

"చెప్పకపోతే నువ్వే పోయేదానివి!"

"మరి నువ్వెందుకొచ్చావమ్మాయ్?" అంది మ్రికా.

కిందనుంచి ఇంజన్ చప్పుడు వినిపించింది. కమిషన్ ఆయన ఫోన్లో ఎవరితోనో మాట్లాడుతూ డ్రైవర్‌కు చెయ్యి ఊపుతున్నాడు. కేసు ఎవరి మీదైతే ఏంటి, ముసలామె కుర్చీ ఖాళీగా ఉంది. బుల్‌డోజర్ ముక్కు పైకెత్తి కదిలింది.

"ఆపు!" క్రాయా గొంతు చించుకుంటూ పరుగెత్తాడు. "ఇంజన్ ఆపు! ఇది హత్య జరిగిన చోటు. నా అనుమతి లేకుండా ఇక్కడ చీమ కూడా కదలడానికి వీల్లేదు!" యంత్రం ఆగింది. అతను రొప్పుతూ వెనక్కి తిరిగి ద్రాండెతో కళ్లు కలిపాడు. "కొన్నాళ్లే ఆపగలను మేడం. తర్వాత వాళ్లు పైనుంచి కాగితం తెస్తారు."

"తెస్తారు. తెలుసు."

"తెచ్చుకోనీ," అంది మ్రికా.

ఆమె చేలోకి వెళ్లి కుర్చీ ఎత్తింది. ఒక కాలు బురదలో దిగబడింది. ద్రాండె వెళ్లి రెండో వైపు పట్టుకుంది. ఇద్దరూ దాన్ని మోసుకొచ్చి, పెంకు ముక్కలు దొరికిన గుంత పక్కన, హద్దుకు ఈవల, యంత్రానికి ఎదురుగా వేశారు. మ్రికా కూర్చుని కాలు మీద కాలేసుకుంది.

"పొద్దుటి పాలు ఇంకా పిండలేదు. మేకలు అరుస్తుంటాయి," అంది. "కాసేపు నువ్వు కూర్చుంటావా?"

ద్రాండె కుర్చీలో కూర్చుంది.